పేరు రాసేముందు ఒక్కసారి అడగండి: రిజిస్టర్లు నడిపే శాఖలకు బహిరంగ లేఖ

ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రభుత్వాల పాఠశాల విద్య, రెవెన్యూ, పురపాలక, పంచాయతీరాజ్ శాఖల ఉన్నతాధికారులకు, జనన మరణాల రిజిస్ట్రార్లకు, ఆధార్, జనగణన విభాగాలవారికి

అయ్యా, అమ్మా,

నమస్కారం. బడి ఆఫీసుల్లో, సచివాలయాల్లో, మీసేవ కౌంటర్ల దగ్గర కాగితాల పని చేసేవాళ్లం ఈ ఉత్తరం రాస్తున్నాం. ఒక్కో కేసు మీద విడివిడిగా అర్జీలు పెట్టాం. రసీదు నంబరు వస్తుంది, కొన్నాళ్లకు "పరిష్కరించబడింది" అని మెసేజీ వస్తుంది, పేరు మాత్రం తప్పుగానే ఉంటుంది. కౌంటర్లో ఉన్న ఉద్యోగిని అడిగితే "సిస్టంలో ఆప్షన్ లేదండీ" అంటాడు. పాపం, అతను చెప్పేది నిజమే. ఆప్షన్ పెట్టగలిగేది మీరే కాబట్టి మీకే, నలుగురూ చదివేలా రాస్తున్నాం.

రిజిస్టరు అంటే ఉన్నది ఉన్నట్టు రాసుకునే పుస్తకమని మీ శాఖల లెక్క. మేం చూస్తున్నది వేరు. ఒకటో తరగతిలో చేర్చుకున్ననాడు రాసిన పేరే పదో తరగతి మెమో మీదికి ఎక్కుతుంది. మెమో మీద ఉన్నది డిగ్రీకి, పాన్ కార్డుకి, సర్వీసు రిజిస్టరుకి, ఆఖరికి పింఛను కాగితాలకి పాకుతుంది. హాజరు పిలిచినప్పుడల్లా ఆ పేరుకే పలికి పలికి, ఇంట్లో అమ్మానాన్న పెట్టుకున్న అసలు పేరు ముద్దుపేరైపోతుంది. గుమాస్తా చేతి పొరపాటు ఇరవై ఏళ్లకు ఒక మనిషిగా నిలబడుతుంది.

మనిషికే కాదు, ఒక సమూహానికి కూడా ఇదే జరిగింది, మన నేల మీదే. 1871లో తెచ్చిన నేరస్థ జాతుల చట్టాన్ని బ్రిటిష్ ప్రభుత్వం 1911లో మద్రాసు రాజధానికి విస్తరించింది. ఉప్పు, ధాన్యం మోసుకుని ఊరూరా తిరిగి బతికిన ఎరుకల కుటుంబాలు ఆ జాబితాలోకి ఎక్కాయి. బాపట్ల దగ్గర సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సంస్థ నడిపిన సెటిల్‌మెంటుకు మద్రాసు ప్రభుత్వంలోని హెరాల్డ్ స్టువర్ట్ పేరు పెట్టారు. హాజరు వేయించుకోవాలి, బయటికి పోవాలంటే చీటీ తీసుకోవాలి. నేరం చేశాడా లేదా అన్నది ఎవరూ చూడలేదు, పుట్టుక చూసి పేరెక్కించారు. 1952 ఆగస్టు 31న ఆ చట్టం పోయింది. జాబితా పోయి డెబ్బై ఏళ్లు దాటినా, స్టువర్టుపురం అనగానే దొంగల జోకు వేసే నోళ్లు పోలేదు. ఆ ఊరి పిల్లవాడు ఇంటర్వ్యూలో "మీదే ఊరు" అన్న ప్రశ్నకు తడబడితే, ఆ తడబాటు రాసింది ఒక రిజిస్టరే. ఈ సంగతి మనసులో పెట్టుకుని కింది అంశాలు చదవమని మనవి.

1. తెలుగువాడి ఇంటిపేరు ముందుంటుంది

దరఖాస్తుల్లో "ఫస్ట్ నేమ్", "లాస్ట్ నేమ్" అని రెండు గళ్లుంటాయి. ఫస్ట్ అంటే మొదటిదే కదా అని ఇంటిపేరు రాస్తారు. రాసినవాళ్ల తప్పేం లేదు, మన పేరులో మొదట వచ్చేది అదే. ఇంకో ఆఫీసులో ఆపరేటరు దాన్ని తిరగేస్తాడు. బ్యాంకులో చోటు చాలక పొడి అక్షరాలకు కుదిస్తారు. ఇంతలో కొత్తపల్లి వెంకట రమణమ్మ, వెంకట రమణమ్మ కొత్తపల్లి, కె.వి. రమణమ్మ, రమణమ్మ కె. అని నలుగురు తయారవుతారు. మనుషులకు ఒక్కరే అని తెలుసు. పేరు, పుట్టిన తేదీ, లింగం సరిపోల్చి పాన్‌ని ఆధార్‌కు కలిపే యంత్రానికి తెలియదు. పీఎఫ్ డబ్బు ఆగేది ఇక్కడే.

పాస్‌పోర్టు దగ్గర ఇది ముదురుతుంది. అంతర్జాతీయ నమూనాలో ఇంటిపేరుకి ఒక గడి, సొంత పేరుకి ఒక గడి. పేరంతా ఇంటిపేరు గడిలో పడి రెండోది ఖాళీగా ఉంటే, అమెరికా వీసా మీద సొంత పేరు స్థానంలో "ఎఫ్ఎన్‌యూ" అని అచ్చవుతుంది. పేరు తెలియదు అని దాని అర్థం. అక్కడి లైసెన్సులూ బ్యాంకు కార్డులూ ఆ మూడక్షరాలనే పేరుగా ఎక్కించుకుంటాయి. యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్ దేశం 2022 నవంబరు నుంచి ఒకే గడిలో పేరున్న పాస్‌పోర్టులతో సందర్శక వీసా మీద వచ్చేవాళ్లను రానివ్వడం మానేసింది. ఆ తర్వాత, రెండో పేజీలో తండ్రి పేరో ఇంటిపేరో ఉంటే ఒప్పుకుంటామంది. అప్పు చేసి టికెట్ కొనుక్కుని విమానాశ్రయం దాకా వెళ్లినవాడికి ఈ సవరణలు ఎవరు చదివి వినిపిస్తారు?

మేం అడిగేది: బడి, జననం, కులం దరఖాస్తులన్నింటిలో "పూర్తి పేరు, ఇంట్లో రాసుకునే వరుసలో" అని ఒకే గడి పెట్టండి. దాని కింద "ఇందులో ఇంటిపేరు ఏది?" అని ఇంకొక ప్రశ్న. పొడి అక్షరాలు ఉంటే వాటి పూర్తి రూపం ఒకటో తరగతిలోనే అడిగి రాయాలి. ఇంటిపేరు వాడని కుటుంబాలున్నాయి, వాళ్లకు "లేదు" అనే జవాబు చెల్లాలి. బలవంతం చేస్తే తండ్రి పేరునో ఊరి పేరునో తెచ్చి అక్కడ పెడతారు. వచ్చే తరానికి అదే ఇంటిపేరవుతుంది.

2. తెలుగులో మొదట, ఇంగ్లీషులో తర్వాత

పాత అడ్మిషన్ రిజిస్టర్లు హెడ్మాస్టరు చేత్తో తెలుగులో ఉండేవి. ఇప్పుడు ఇంగ్లీషులో కొడితే యంత్రం దాన్ని తెలుగులోకి మారుస్తోంది. రమ అన్నా రామ అన్నా ఇంగ్లీషు అక్షరాలు నాలుగే, అవే. ఆడపిల్ల కార్డు మీద "రామ" అని అచ్చయి రావడం అందుకే. దీర్ఘాలు, ఒత్తులు, ణ, ళ, ఱ మొదట పోయేవి. తిరుగు దారిలోనూ చిక్కే: లక్ష్మిలోని "క్ష"కు ఒకరు ఎక్స్ వాడతారు, ఒకరు కే-ఎస్-హెచ్ వాడతారు. శ్రీనివాస్‌కు ఒకరు ఐ, ఒకరు రెండు ఈలు. అక్క మెమో మీద ఒక స్పెల్లింగు, తమ్ముడి మెమో మీద అదే తండ్రికి ఇంకో స్పెల్లింగు ఉంటే వారసత్వం కాగితాల్లో అతను ఇద్దరు తండ్రులవుతాడు.

దీనికి కొత్త సాఫ్ట్‌వేరు అక్కర్లేదు, మూడు నిమిషాల ఓపిక చాలు. తెలుగులో కొట్టాలి, ముసాయిదా కాగితం తీయాలి, దాన్ని తల్లిదండ్రులకు పైకి చదివి వినిపించాలి, ఆ తర్వాతే సంతకమో వేలిముద్రో. చదవడం రానివాళ్ల చేత "సరిచూసుకున్నాను" అని సంతకం పెట్టించడం మోసం కాకపోయినా దానికి దగ్గర చుట్టం. ఇంగ్లీషు స్పెల్లింగు ఆ కుటుంబంలో ముందే ఉన్న కాగితం చూసి రాయాలి. ఒకసారి ఖాయమయ్యాక మిగతా శాఖలన్నీ అదే స్పెల్లింగు తీసుకోవాలి.

3. ఇరవై ఒక్క రోజులు, బారసాల

జననం 21 రోజుల్లో నమోదు చేయించాలన్నది 1969 చట్టం. మన ఇళ్లలో చాలాచోట్ల పేరు పెట్టేది పదకొండో రోజునో, ఇరవై ఒకటో రోజునో. ఆసుపత్రి ఆలోపే "బేబీ ఆఫ్ ఫలానా" అని పంపేస్తుంది. చట్టం దీన్ని ఊహించింది. పేరు లేకుండానే నమోదు చేయవచ్చు. 12 నెలల్లోపు పేరు ఎక్కించడానికి రుసుము లేదు, 15 ఏళ్ల దాకా ఆలస్య రుసుముతో ఎక్కించవచ్చు. ఈ మాట డిశ్చార్జి రోజున ఎవరూ చెప్పరు. దాంతో "బేబీ ఆఫ్" టీకా కార్డు మీదికి, అక్కడి నుంచి అంగన్‌వాడీ పుస్తకంలోకి నడిచి వెళుతుంది.

2023 అక్టోబరు 1 నుంచి ఇది మునుపటిలా చిన్న విషయం కాదు. ఆ రోజున గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్లకు బడిలో చేరికకు, ఓటుకు, ఆధార్‌కు, లైసెన్సుకు, వివాహ నమోదుకు, ప్రభుత్వ ఉద్యోగానికి పుట్టిన తేదీ, చోటు రుజువు చేసేది జనన ధ్రువపత్రం ఒక్కటే. పాస్‌పోర్టు నిబంధనల్లోనూ 2025లో ఇదే చేర్చారు. ఆ ఒక్క కాగితంలో తప్పుంటే ఇక పక్కదారి లేదు. జననం నమోదే కాకుండా ఏడాది దాటిపోతే మెజిస్ట్రేటు ఉత్తర్వు దాకా తిరగాలి.

తొమ్మిదో నెల నిండాక తట్టు, రుబెల్లా టీకాకు బిడ్డను ఎలాగూ తీసుకొస్తారు. ఆ రోజు ఏఎన్ఎం ఒక్క ప్రశ్న అడిగితే చాలు: ధ్రువపత్రంలో పేరు ఎక్కిందా? ఎక్కకపోతే ఉచిత గడువు ఇంకా కొన్ని వారాలు మిగిలే ఉంటుంది. ఈ ప్రశ్నను టీకా కార్డు మీదే అచ్చు వేయించండి.

4. జూన్ ఒకటిన పుట్టిన తరం

దీన్ని పొడిగించం. చేరికకు వయసు సరిపోవాలని బడిలో వేసిన జూన్, జూలై ఒకటో తేదీలు, వయసు మాత్రమే చెప్పినవాళ్లకు ఆధార్‌లో పడ్డ జనవరి ఒకటి, రెండూ ఒకే మనిషి మీద పోట్లాడుతున్నాయి. ఆధార్ పుట్టిన తేదీకి రుజువు కాదని సుప్రీంకోర్టు 2024 అక్టోబరులో చెప్పింది, బడి ధ్రువపత్రం వైపు మొగ్గింది. కౌంటర్లలో మాత్రం ఇప్పటికీ ఆధార్ చూపిస్తేనే పని. సర్వీసు రిజిస్టరులో ఒకసారి ఎక్కిన తేదీని మార్చకూడదని 1984 నాటి నిబంధనలున్నాయి. వాటిని సడలించమని మేం అడగడం లేదు, ఉద్యోగంలో చేరకముందే సరిచూసుకునే వీలు ఇవ్వమంటున్నాం. పదో తరగతి నామినల్ రోల్స్ (పరీక్ష రాసేవాళ్ల జాబితా) పంపేముందు ప్రతి విద్యార్థి ఇంటికీ ముసాయిదా కాగితం వెళ్లాలి, పదిహేను రోజులు సమయం ఉండాలి. పిల్లవాడి చేత బోర్డు మీది జాబితా చూపించి టిక్కు పెట్టించుకోవడం సరిచూడటం కాదు.

5. తండ్రి/భర్త అనే గడి

ఆడవాళ్ల దరఖాస్తులో ఆ గీత ఒక్కటే ఎంత చెబుతుందో చూడండి: నువ్వు ఒకరి కూతురివో, ఒకరి భార్యవో అయి తీరాలి. పెళ్లయ్యాక ఇంటిపేరు మార్చుకోవాలని ఏ చట్టంలోనూ లేదు. కానీ రేషన్ కార్డులో కలపడానికి వెళ్లినప్పుడు "అత్తవారి ఇంటిపేరు పెట్టేదా?" అని కూడా అడగకుండా పెట్టేస్తారు. మెమోలు పుట్టింటి పేరుతో, ఆధార్ మెట్టినింటి పేరుతో ఉన్న అమ్మాయి డీఎస్సీ సర్టిఫికెట్ల పరిశీలనకు వెళ్లి "ఈ ఇద్దరూ నేనే" అని అఫిడవిట్ రాసివ్వాలి. ఆధార్‌లో పేరు రెండుసార్లే మార్చుకోవచ్చు. పెళ్లికి ఒకసారి, అక్షర దోషానికి ఒకసారి అయిపోతే, విడిపోయి పుట్టింటి పేరుకు తిరిగి రావాలనుకున్న ఆమెకు మామూలు దారి మూసుకుపోతుంది, హైదరాబాద్‌లోని ప్రాంతీయ కార్యాలయాన్ని బతిమాలుకోవాలి.

ఒంటరి తల్లుల సంగతి ఇంకా కటువు. బిడ్డ తండ్రి ఎవరో చెప్పమని అవివాహిత తల్లిని బలవంతపెట్టకూడదని, ఆమె అఫిడవిట్ మీదే జనన ధ్రువపత్రం ఇవ్వాలని సుప్రీంకోర్టు 2015 జూలై 6న చెప్పింది. పాస్‌పోర్టుకు తల్లిదండ్రుల్లో ఒకరి పేరు చాలని 2016 డిసెంబరులో మార్చారు. తల్లి ఒంటరిగా పెంచితే పాన్‌కు తండ్రి పేరు తప్పనిసరి కాదని 2018లో మార్చారు. ఆధార్ కార్డు మీద తండ్రి, భర్త అనే బదులు ఇప్పుడు కేరాఫ్ అనే ఉంటోంది. 2022 జూలై 28న సుప్రీంకోర్టు ఇచ్చిన ఇంకో తీర్పు మన హైకోర్టు నుంచి వెళ్లిన కేసులోనిదే. భర్త పోయి మళ్లీ పెళ్లి చేసుకున్న తల్లికి బిడ్డ ఇంటిపేరు నిర్ణయించే హక్కు ఉందని, రికార్డుల్లో కొత్త భర్తను "సవతి తండ్రి" అని రాయమనడం దాదాపు క్రూరమని, అది బిడ్డ ఆత్మగౌరవాన్ని దెబ్బతీస్తుందని సుప్రీంకోర్టు అంది. ఇంత జరిగాక కూడా మన బడి పేజీ తండ్రి పేరు గడి ఖాళీగా ఉంటే ముందుకు కదలదు. కదిలించడానికి ఆపరేటరు ఒక చుక్కో, "ఎన్ఏ" అనో కొడతాడు. ఆ "ఎన్ఏ" పదో తరగతి మెమో మీద తండ్రి పేరుగా అచ్చవుతుంది. ఆ మెమో చేతిలో పట్టుకున్న పిల్లను తలచుకోండి.

అడిగేది: "తల్లి / తండ్రి / సంరక్షకులు, ఎవరైనా ఒకరు" అని మార్చండి. భర్త పేరు అవసరమైన పథకాల్లోనే అడగండి. ఇంటిపేరు మార్చేముందు ఆమె రాతపూర్వక సమ్మతి తీసుకోండి.

6. కులం: అవసరమైనచోట కచ్చితంగా, అక్కర్లేనిచోట అసలే వద్దు

కులం గడి ఎత్తేయమని మేం అనడం లేదు. రిజర్వేషనుకు, ఉపకారవేతనానికి ఆధారం అదే. అది కాస్తా హాజరు పట్టీకి, తరగతి గది నోటికి పాకడం మీదే మా అభ్యంతరం. ఉపకారవేతనాల బయోమెట్రిక్‌కు "ఎస్సీలు లేవండి, బీసీలు తర్వాత" అని తరగతిలో అరిస్తే, ఆ రోజు పక్క బెంచీవాడికి తెలిసింది ఇక మరిచిపోడు. రోల్ నంబరుతో పిలవడానికి పైసా ఖర్చు లేదు. బోర్డు మీద సాంఘిక సంక్షేమ వసతిగృహం అని ఉంటుంది, ఊళ్లో మాత్రం అది ఎస్సీ హాస్టలే, అందులోవాళ్లు హాస్టల్ పిల్లలే. సంస్థ వేసిన ముద్రను లోపలివాళ్లే తిరగరాసిన సందర్భమూ ఉంది: తెలంగాణ సాంఘిక సంక్షేమ గురుకులాల విద్యార్థులు తమను తాము స్వేరోలు (ఇంగ్లీషు "సోషల్ వెల్ఫేర్" మొదటి అక్షరాలతో కట్టిన మాట) అని పిలుచుకున్నారు. ఆ మాట మీద రాజకీయంగా ఎవరికి ఏ అభిప్రాయమున్నా, పిల్లలు తమను ఆ పేరుతో పిలుచుకోవడం మొదలుపెట్టాక వేదిక మీద నిలబడే తీరు మారింది.

మతం, కులం లేవని నమోదు చేసుకోవాలనుకునేవారికి ఆ వీలు ఇవ్వాలని తెలంగాణ హైకోర్టు 2023లో ఆదేశించింది. ఆ గడి అన్ని పేజీల్లోనూ నిజంగా పనిచేయాలి. కులాంతర వివాహాల పిల్లల విషయంలో తండ్రి కులాన్నే కళ్లు మూసుకుని రాయకూడదని, పెంపకం ఎక్కడ, ఎలా జరిగిందో రుజువులు చూడాలని 2012లో సుప్రీంకోర్టు చెప్పింది. మండల కార్యాలయాల్లో దీనికి విచారణ నమూనా ఉండాలి. ఇప్పుడు జరిగేది ఒకే ప్రశ్న: "మీ నాన్నది ఏ కులం?"

7. ఇంట్లో ఏ భాష

2011 జనగణనలో జనం చెప్పిన మాతృభాషల పేర్లు 19,569. వాటిని వడపోసి 1,369 చేశారు, ఇంకో 1,474 పేర్లను వర్గీకరించకుండా వదిలారు. చివరికి పట్టికలో నిలిచిన భాషలు 121. ఈ వడపోతలో 32 లక్షల మందికి పైగా మాట్లాడే లంబాడీ హిందీ కింద చేరింది. తండాలో అవ్వకు హిందీ ఒక్క ముక్క రాదు, లెక్కల్లో ఆమె హిందీ మనిషి. బడిలో దీనికి తోడు ఇంకో తప్పు జరుగుతుంది: యూడైస్‌లో (బడుల, విద్యార్థుల వివరాలు ఎక్కించే ప్రభుత్వ డేటాబేస్) మాతృభాష గడిని అడగకుండానే "తెలుగు" అని నింపేస్తారు. కోయ, గోండి, కొలామి, సవర పిల్లలంతా కాగితం మీద తెలుగు పిల్లలవుతారు. ఒకటో తరగతిలో టీచరు మాట అర్థంకాక మౌనంగా కూర్చున్న పిల్లను మందబుద్ధి అనుకుంటారు. ప్రాథమిక స్థాయిలో మాతృభాషలో చదువు గురించి రాజ్యాంగం 350ఎ అధికరణంలో చెప్పింది. లెక్కలో లేని భాషకు ఆ అధికరణం ఎలా వర్తిస్తుంది?

2027 మార్చి 1 ప్రాతిపదిక తేదీగా జరిగే జనగణనకు శిక్షణ ఇచ్చేటప్పుడు గణకులకు ఒక్క నియమం పెట్టండి: "ఇంట్లో పిల్లలతో ఏ భాష మాట్లాడతారు?" అని అడిగి, వాళ్లు చెప్పిన పేరే రాయాలి. భాషకు, యాసకు తేడా తేల్చడం గడపలో నిలబడ్డ గణకుడి పని కాదు.

8. దిద్దుబాటు అనే గానుగ

పైవన్నీ ఒక ఎత్తు, ఇది ఒక ఎత్తు. బడికి వెళితే "ముందు ఆధార్ సరిచేయించుకు రండి, యూడైస్‌తో కలవకపోతే అపార్ రాదు" అంటారు. అపార్ అంటే విద్యార్థికిచ్చే గుర్తింపు నంబరు. ఆధార్ కేంద్రంలో జనన ధ్రువపత్రమో బడి కాగితమో తెమ్మంటారు. జననాల కార్యాలయంలో ఆసుపత్రి రికార్డు, తల్లిదండ్రుల ఆధార్ అడుగుతారు, తల్లి ఆధార్‌లోనూ తప్పుంటుంది. గానుగెద్దులా తిరిగి మళ్లీ బడి దగ్గరికే. ఒక్కో తిరుగుడుకు ఒక రోజు కూలి పోతుంది. మూడో తిరుగుడులో తండ్రి "పోనీలే, తప్పుడు పేరే ఉండనీ" అంటాడు. ఈ రాజీయే మేం ఎక్కువగా చూసేది.

చట్టంలో దారి లేక కాదు. 1969 చట్టం 15వ సెక్షన్ ప్రకారం తప్పు పడిన నమోదును రిజిస్ట్రారే సరిచేయవచ్చు. పాత రాతను కొట్టేయకుండా అంచున కొత్తది రాసి సంతకం, తేదీ వేయాలి. పేరు వ్యక్తి గుర్తింపులో భాగమని, దాన్ని తన అదుపులో ఉంచుకోవడం రాజ్యాంగ హక్కని సీబీఎస్ఈ కేసులో 2021 జూన్ 3న సుప్రీంకోర్టు చెప్పింది. చిక్కంతా అక్షర దోషాన్నీ, పేరు మార్పునూ ఒకే గాటన కట్టడం దగ్గర ఉంది. దీర్ఘం పోయినవాడినీ, కొత్త పేరు కావాలన్నవాడినీ ఒకేలా నోటరీకి, పత్రికా ప్రకటనకు, గెజిట్‌కు తిప్పుతున్నారు.

కాబట్టి:
అ) అక్షర దోషం, ఇంటిపేరు వరుస, పొడి అక్షరం విప్పడం: ఈ మూడింటినీ దోషంగానే చూడాలి. హెడ్మాస్టరో రిజిస్ట్రారో ఒక్క సంతకంతో, 15 రోజుల్లో, రుసుము లేకుండా తేల్చాలి.
ఆ) మూల కాగితం ఏదో ఒక ఉత్తర్వుతో ఖాయం చేయండి: 2023 అక్టోబరు 1 నుంచి పుట్టినవాళ్లకు జనన ధ్రువపత్రం, అంతకుముందువాళ్లకు పదో తరగతి మెమో, అదీ లేకపోతే అడ్మిషన్ రిజిస్టరు నకలు. అక్కడ దిద్దితే మిగతా శాఖల్లోకి దానంతటదే పోవాలి.
ఇ) ఆధార్ కేంద్రం పొరపాటును, అంటే తెలుగు తర్జుమా తప్పును, పేరు మార్చుకునే ఆ రెండు అవకాశాల్లో లెక్కపెట్టకూడదు.
ఈ) తిరస్కరిస్తే కారణం తెలుగులో రాసివ్వాలి. "సిస్టంలో లేదు" అన్నది కారణం కింద చెల్లదు.

బడులు జూన్‌లో తెరుస్తారు. 1, 2, 5, 8 అంశాల మీద ఉత్తర్వులు అంతకు రెండు నెలల ముందే రావాలి, లేకపోతే ఇంకో ఏడాది ఒకటో తరగతి మొత్తం పాత గళ్లలోకే వెళుతుంది. 3వ అంశానికి ఆర్థిక అనుమతి అక్కర్లేదు, టీకా కార్డుల తర్వాతి అచ్చులో ఒక వరుస కలిపితే చాలు. జనగణన శిక్షణ పుస్తకం తెలుగు ప్రతిని ముందుగా బయటపెట్టండి, కోయ, లంబాడీ తెలిసిన టీచర్లు చదివి తప్పులు చెబుతారు.

జవాబు మాకు పంపనక్కర్లేదు. తెలుగులో రాయించి, ప్రతి బడిలో, ప్రతి సచివాలయంలో నోటీసు బోర్డుకు అంటించండి.

ఇట్లు,
బడుల్లో, సచివాలయాల్లో, మీసేవ కేంద్రాల్లో కాగితాల పని చేసేవాళ్లం